మన తలపై గాలి నడక



ఈ పూట మన తలపై ఉన్న గాలి గురించి, ఆ గాలిని కిందనుంచే కొలవగలిగిన రెండు సాధనాల గురించి మాట్లాడుకుందాం. ఒకటి రేడియో తరంగంతో పనిచేసే రాడార్. రెండోది లేజర్ వెలుగుతో పనిచేసే లైడార్. ఈ రెండూ ఒకేచోట ఉండి, ఆకాశాన్ని నిలువునా కొలుస్తున్న పరిశోధనా కేంద్రం మన తెలుగు నేలమీదే ఉంది. తిరుపతి నుంచి చిత్తూరు వెళ్ళే దారిలో, కొండల నడుమ గాదంకి అనే పల్లె ఉంది. అక్కడి జాతీయ వాతావరణ పరిశోధన ప్రయోగశాల పేరు ఈ శాస్త్రం చదివేవారికి ప్రపంచమంతటా తెలుసు. మన ఊళ్ళలో మాత్రం చాలామందికి తెలియదు. తెలియవలసిన అవసరం ఎంతో ఉంది.

ముందుగా అసలు ఇబ్బంది ఎక్కడుందో చూద్దాం.

వాన ఎంత కురిసిందో వర్షమాపకంలో చూస్తాం. ఎండ ఎంత కాసిందో ఉష్ణమాపకంలో చూస్తాం. గాలి ఎటు వీస్తోందో స్తంభం మీది గాలి సూచిక చెబుతుంది. ఇవన్నీ నేలకు పది మీటర్ల లోపు జరిగే కొలతలు. కానీ వాన పుట్టేది నేలమీద కాదు. ఉరుముల మబ్బు మన ప్రాంతంలో పదిహేను కిలోమీటర్ల ఎత్తుకు కూడా పెరుగుతుంది. రుతుపవనాన్ని నడిపే గాలుల్లో కొన్ని మన తలపై కిలోమీటరున్నర ఎత్తులో వీస్తే, మరికొన్ని పదహారు కిలోమీటర్ల ఎత్తులో, సరిగ్గా ఎదురు దిశలో వీస్తాయి. రేపటి వాతావరణం ఈ రోజు పైన తయారవుతోంది. కింద నిలబడి కింది గాలినే కొలుస్తూ కూర్చుంటే, జరిగిపోయిన సంగతే మనకు తెలుస్తుంది.

అందుకే శాస్త్రవేత్తలు బెలూన్లు ఎగరేశారు. ఇప్పటికీ ఎగరేస్తున్నారు. ప్రపంచమంతటా ఒకే సమయానికి, మన గడియారం ప్రకారం ఉదయం అయిదున్నరకు, సాయంత్రం అయిదున్నరకు, వాతావరణ కేంద్రాల నుంచి బెలూన్లు పైకి లేస్తాయి. వాటికి కట్టిన చిన్న పరికరం ఎత్తు పెరుగుతున్న కొద్దీ ఉష్ణోగ్రత, తేమ, పీడనం, గాలి వివరాలను రేడియో ద్వారా కిందికి పంపుతుంది. వాతావరణ శాస్త్రానికి ఈ బెలూన్లు చేసిన మేలు చెప్పనలవి కాదు. కానీ పన్నెండు గంటలకొక్కసారి వెళ్ళే బెలూన్, మధ్యాహ్నం మూడు గంటలకు పుట్టి అయిదు గంటలకు కురిసి పోయే మబ్బును చూడలేదు. పైగా అది గాలితోపాటే కొట్టుకుపోతుంది. ఒకే చోట, ఎడతెగకుండా, నిమిషం నిమిషం పైగాలిని చూడాలంటే వేరే మార్గం కావాలి.

ఆ మార్గం ఇది. కిందనుంచి ఒక తరంగాన్ని పైకి పంపాలి. దారిలో దానికి తగిలినవాటి నుంచి అతి కొద్ది భాగం వెనక్కి వస్తుంది. వచ్చినదాన్ని పట్టుకోవాలి. తరంగం వెళ్ళి రావడానికి ఎంత సమయం పట్టిందో లెక్కిస్తే, అది ఎంత ఎత్తునుంచి వచ్చిందో తెలుస్తుంది. వెలుగైనా రేడియో తరంగమైనా సెకనుకు 3 లక్షల కిలోమీటర్లు పోతాయి. 15 కిలోమీటర్ల ఎత్తుకు పోయి తిరిగి రావడానికి సెకనులో పదివేలో వంతు చాలు. ఎంత బలంగా తిరిగి వచ్చిందో చూస్తే, పైన ఉన్నది ఎంత ఉందో తెలుస్తుంది. తిరిగి వచ్చేసరికి దాని పౌనఃపున్యం, అంటే సెకనుకు దాని కంపనాల సంఖ్య, ఎంత మారిందో చూస్తే, పైన ఉన్నది ఎటు, ఎంత వేగంగా కదులుతోందో తెలుస్తుంది. దగ్గరికి వచ్చేదానిమీద పడి మళ్ళిన తరంగం పౌనఃపున్యం కాస్త పెరుగుతుంది. దూరమయ్యేదానిమీద పడి మళ్ళినది కాస్త తగ్గుతుంది. ఇదే డాప్లర్ సూత్రం. సమయం, బలం, పౌనఃపున్యంలో మార్పు. రాడార్ చెప్పినా, లైడార్ చెప్పినా కథంతా ఈ మూడింటిలోనే ఉంది.

రాడార్ సంగతి ముందు చెబుతాను. రాడార్ యుద్ధం కోసం పుట్టిందని మనం చదువుకున్నాం. దాని మూలం కొంత వాతావరణ శాస్త్రంలోనూ ఉంది. బ్రిటన్‌లో రాడార్‌కు ఆద్యుడైన రాబర్ట్ వాట్సన్-వాట్, అంతకుముందు వాతావరణ శాఖలో ఉద్యోగి. మెరుపుల నుంచి వెలువడే రేడియో సంకేతాలను పట్టి, ఉరుముల గాలివాన ఎక్కడుందో కనిపెట్టే పనిలో ఏళ్ళ తరబడి గడిపిన మనిషి. 1935 ఫిబ్రవరి 26న, విమానం మీద పడి వెనక్కి వచ్చిన రేడియో తరంగాన్ని తాను పట్టగలనని ఆయన నిరూపించి చూపాడు. యుద్ధకాలంలో రాడార్ తెరల ముందు కూర్చున్నవారికి ఒక చిక్కు ఎదురైంది. విమానాలతోపాటు వానజల్లులు కూడా తెరమీద మచ్చలుగా కనిపించేవి. యుద్ధం ముగిశాక వాతావరణ శాస్త్రవేత్తలు ఆ మచ్చలనే తమ పనికి ఆధారం చేసుకున్నారు.

వానచినుకు రాడార్‌కు ఎలా కనబడుతుందో వింటే ఆశ్చర్యం కలుగుతుంది. చినుకు వ్యాసం రెండింతలైతే, దాని నుంచి తిరిగి వచ్చే సంకేతం రెండింతలు కాదు, 64 రెట్లవుతుంది. అందుకే తుంపరకూ జడివానకూ రాడార్ తెరమీద అంత తేడా. ఇప్పటి రాడార్లు తరంగాన్ని రెండు తీరుల్లో, ఒకటి అడ్డంగా కంపించేలా, ఒకటి నిలువుగా కంపించేలా పంపుతాయి. పెద్ద చినుకు కిందికి పడేటప్పుడు గాలి ఒత్తిడికి అడ్డంగా సాగి చదునవుతుంది. వడగల్లు దొర్లుతూ పడుతుంది. రెండు తీరుల సంకేతాలనూ పోల్చి చూస్తే, పడేది వానో, వడగళ్ళో పడకముందే తేల్చవచ్చు. వేసవి మొదట్లో మామిడి పిందెల మీద, కోతకొచ్చిన వరి మీద వడగళ్ళు పడితే ఏమవుతుందో తెలంగాణ రైతుకు వేరే చెప్పనక్కరలేదు.

మన తీరానికి రాడార్ విలువ తెలిసివచ్చింది తుపానుల వల్ల. మన దేశంలో తుపానుల జాడ తీసే మొదటి ఎస్-బ్యాండ్ రాడార్‌ను 1970లో విశాఖపట్నంలోనే నెలకొల్పారు. పది సెంటీమీటర్ల తరంగంతో పనిచేసే ఇలాంటి రాడార్ జోరువానలోనూ మసకబారదు. వాన వెనక ఉన్నదాన్ని కూడా చూస్తుంది. ఆ తర్వాత ఏడేళ్ళకు, 1977 నవంబరు 19న, దివిసీమను ఉప్పెన ముంచెత్తింది. పదివేలమందికి పైగా చనిపోయారు. ఆ దుఃఖం గురించి కృష్ణా తీరంలో ఇప్పటికీ పెద్దలు గొంతు తగ్గించి మాట్లాడతారు. కాలక్రమంలో మచిలీపట్నం సహా తూర్పు తీరం పొడవునా రాడార్లు నిలిచాయి. 2002లో చెన్నైకి మొదటి డాప్లర్ వాతావరణ రాడార్ వచ్చింది. వాన ఎక్కడుందో చెప్పడంతోపాటు, తుపాను లోపలి గాలి ఎంత వేగంతో తిరుగుతోందో కూడా అది చెబుతుంది. మచిలీపట్నం, విశాఖపట్నం రాడార్లు కూడా డాప్లర్ రాడార్లయ్యాయి. శ్రీహరికోటలో ఇస్రో పరిజ్ఞానంతో మన దేశంలోనే తయారైన రాడార్ నిలిచింది.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖ మీదికి వచ్చింది. తీరం దాటే వేళ ఆ గాలి ధాటికి అక్కడి రాడారే దెబ్బతింది. కానీ అప్పటికే అది చూడవలసినంత చూసింది, చెప్పవలసినంత చెప్పింది. లక్షలమంది ముందే సురక్షిత స్థలాలకు చేరారు. నగరం కకావికలైంది గాని, ప్రాణనష్టం దివిసీమతో పోల్చలేనంత తక్కువ. ఇందులో ఉపగ్రహాల పాత్ర ఉంది, తుపాను షెల్టర్ల పాత్ర ఉంది, రాత్రింబవళ్ళు ఊళ్ళు ఖాళీ చేయించిన సిబ్బంది పాత్ర ఉంది. కానీ తుపాను తీరానికి చేరువైన చివరి గంటల్లో దాని కన్ను ఎక్కడుంది, ఎటు తిరుగుతోంది అని నిమిషాల లెక్కన చెప్పే పని రాడార్‌దే.

వాన రాడార్‌కు ఒక హద్దు ఉంది. భూమి గుండ్రం. రాడార్ కిరణం దాదాపు సూటిగా పోతుంది. అర డిగ్రీ వాలులో పంపిన కిరణం 200 కిలోమీటర్ల దూరం పోయేసరికి నేలకు నాలుగు కిలోమీటర్ల ఎత్తులో ఉంటుంది. ఆ కింద జరిగేది దానికి కనిపించదు. ఒక్క రాడార్‌తో జిల్లాలకు జిల్లాలు కాపాడలేకపోవడానికి కారణం ఇదే. చేరువ చేరువగా రాడార్లు ఉండాలి. ఒకటి చూడలేని చోటును పక్కది చూడాలి.

ఇంకొక హద్దు కూడా ఉంది. వాన రాడార్ చూసేది వానను. మరి వాన లేనప్పుడు, మబ్బు తునక కూడా లేని నీలాకాశంలో గాలి ఎటు పోతోంది? అక్కడ తరంగం తిరిగి రావడానికి ఏముంది?

గాలే ఉంది. గాలి ఎక్కడా ఒకే తీరుగా ఉండదు. వేడి గాలి, చల్ల గాలి, తేమ గాలి, పొడి గాలి కలిసే చోట సుడులు తిరుగుతుంది. ఆ సుడుల్లో చిన్నవీ పెద్దవీ ఎన్నో. ఒక్కో సుడి చోట రేడియో తరంగం నడక అతి స్వల్పంగా మారుతుంది. తరంగదైర్ఘ్యంలో సరిగ్గా సగం పరిమాణం ఉన్న సుడుల నుంచి వచ్చిన తునకలన్నీ ఒకదానికొకటి తోడై, కొలవగలిగినంత సంకేతంగా వెనక్కి వస్తాయి. దక్షిణ అమెరికాలోని పెరూ దేశంలో, లిమా నగరం దగ్గర హికమార్కా అనే చోట పెద్ద రాడార్ ఒకటి ఉంది. 1974లో రొనాల్డ్ వుడ్‌మన్, గియెన్ అనే శాస్త్రవేత్తలు దానితోనే ఈ పని సాధ్యమని లోకానికి చూపారు. నిర్మలాకాశంలో గాలిని కొలవవచ్చని, అదీ నేల దగ్గరి ట్రోపో ఆవరణం నుంచి పైనున్న స్ట్రాటో ఆవరణం, ఆ పైని మీసో ఆవరణం వరకూ కొలవవచ్చని తేలింది. ఆ మూడు పొరల ఇంగ్లీషు పేర్ల మొదటి అక్షరాలతోనే ఎంఎస్‌టీ రాడార్ అన్న పేరు వచ్చింది.

గాదంకిలో ఉన్నది అలాంటి రాడారే. 1990ల తొలి ఏళ్ళలో అది పని మొదలుపెట్టింది. దాన్ని రూపొందించింది ముంబైలోని సమీర్ సంస్థ. కొండలు చుట్టూ కాపుకాసినట్టున్న మైదానం, నాలుగెకరాలకు పైగా వైశాల్యం. అందులో 32 వరసలు, వరసకు 32 చొప్పున, మొత్తం 1024 జంట యాంటెన్నాలు. పాతకాలం టీవీ యాంటెన్నాలు గుర్తున్నాయా, ఇవీ ఆ జాతివే, కాకపోతే ఆకాశంలోకి నిటారుగా చూస్తుంటాయి. ఇవన్నీ ఒక్కటై 53 మెగాహెర్ట్జ్ తరంగాన్ని పైకి పంపుతాయి. మీ రేడియోలో ఎఫ్‌ఎం స్టేషన్లు 88 నుంచి 108 మెగాహెర్ట్జ్ మధ్య పలుకుతాయి. ఈ రాడార్ గొంతు ఆ వరుసకు కొంచెం దిగువన ఉందన్నమాట. తొలి రూపంలో దాని గరిష్ఠ శక్తి 25 లక్షల వాట్లు. పంపేది 25 లక్షల వాట్లైతే, తిరిగి వచ్చేది అంతరిక్షం నుంచి సహజంగా వచ్చే రేడియో రొదలో కలిసిపోయేంత సన్నని సంకేతం. ఆ రొదలోంచి దాన్ని ఏరి తీయడంలోనే ఇక్కడి శాస్త్రవేత్తల, ఇంజనీర్ల నైపుణ్యమంతా ఉంది.

53 మెగాహెర్ట్జ్ అంటే తరంగదైర్ఘ్యం సుమారు 5.66 మీటర్లు. అందులో సగం, అంటే 2.83 మీటర్ల సుడులను ఈ రాడార్ పట్టుకుంటుంది. కిరణాన్ని ఒకసారి నిటారుగా, తర్వాత తూర్పుకు, పడమరకు, ఉత్తరానికి, దక్షిణానికి పది డిగ్రీల చొప్పున వాల్చి పంపుతారు. యాంటెన్నా ఒక్కటీ కదలదు. వాటికి అందే తరంగాల మధ్య కాలంలో సూక్ష్మమైన తేడాలు పెడితే చాలు, కిరణం తనంతట తాను వాలుతుంది. అలా అయిదు దిశల్లో చూసి, ప్రతి 150 మీటర్ల ఎత్తుకూ గాలి దిశ, వేగం లెక్కకడతారు. బెలూన్ ఇవ్వలేని మరో కొలత కూడా ఇక్కడ నేరుగా దొరుకుతుంది. అది గాలి పైకి లేస్తోందా, కిందికి దిగుతోందా అన్నది. వానకు మూలం ఆ పైకి లేచే గాలే.

ఇందులో ఎంత సూక్ష్మత ఉందో ఒక్క లెక్కలో చెబుతాను. పైన గాలి సెకనుకు 40 మీటర్ల వేగంతో, అంటే గంటకు 144 కిలోమీటర్ల వేగంతో వీస్తోందనుకోండి. పది డిగ్రీల వాలులో పంపిన కిరణం దాని నుంచి తిరిగి వచ్చేసరికి, సెకనుకు 5 కోట్ల 30 లక్షల కంపనాల్లో రెండున్నర కంపనాల మార్పు మాత్రమే వస్తుంది. ఆ రెండున్నరను పట్టుకుంటేనే ఆ గాలి మనకు దొరుకుతుంది. పట్టుకుంటున్నారు. దశాబ్దాలుగా పట్టుకుంటున్నారు.

గంటకు 144 కిలోమీటర్లని లెక్క కోసం ఊరికే అనలేదు. అలాంటి గాలి నిజంగానే ఏటా మన తలపై వీస్తుంది. నైరుతి రుతుపవనాల కాలంలో, జూన్ నుంచి సెప్టెంబరు వరకూ, కింది ఎత్తుల్లో గాలి పడమటి నుంచి తూర్పుకు వీస్తే, దాదాపు పదహారు కిలోమీటర్ల ఎత్తులో తూర్పు నుంచి పడమటికి ఒక మహాప్రవాహం పరుగు తీస్తుంది. దాన్ని ఉష్ణమండల తూర్పు జెట్ ప్రవాహం అంటారు. వేసవిలో టిబెట్ పీఠభూమి మీది గాలి బాగా వేడెక్కడం, దక్షిణాన హిందూ మహాసముద్రం మీది గాలి అంత వేడెక్కకపోవడం, ఈ తేడావల్లే ఆ ప్రవాహం పుడుతుంది. ఆ ప్రవాహం ఉందని గుర్తించి, 1950లలో ప్రపంచానికి వివరించినవాడు మన తెలుగు శాస్త్రవేత్త పంచేటి కోటేశ్వరం. తర్వాతి కాలంలో ఆయన భారత వాతావరణ శాఖకు అధిపతి అయ్యాడు. ఆయనకు అప్పుడు ఆధారం అరకొరగా అందే బెలూన్ కొలతలు. ఆ కొద్దిపాటి అంకెల్లోంచి అంత పెద్ద నదిని ఆయన కనుగొన్నాడు. ఇవాళ గాదంకి రాడార్ ఆ ప్రవాహం కిందే నిలబడి, అది ఏ రోజు బలపడిందో, ఏ రోజు సన్నగిల్లిందో కొలుస్తోంది. ఒక తెలుగువాడు ఊహతో, లెక్కతో చూసినదాన్ని, తెలుగునేలమీది పరికరం నేరుగా చూస్తోంది. ఇది మనం మన పిల్లలకు చెప్పుకోవలసిన సంగతి.

ఇక లేజర్ సంగతికి వద్దాం. ఎంఎస్‌టీ రాడార్ నేలకు కొన్ని కిలోమీటర్ల పైనుంచి ఇరవై కిలోమీటర్ల పైచిలుకు ఎత్తు వరకూ బాగా చూస్తుంది. మళ్ళీ అరవై అయిదు, ఎనభై అయిదు కిలోమీటర్ల మధ్య పగటిపూట సంకేతాలు అందుకుంటుంది. అంత ఎత్తులో సూర్యరశ్మి వల్ల గాలిలో విద్యుదావేశం పుడుతుంది కాబట్టి అక్కడి సుడులు రేడియో తరంగాన్ని వెనక్కి పంపుతాయి. మరి ఈ రెంటి మధ్య సంగతేమిటి? దాదాపు నలభై కిలోమీటర్ల మందాన ఆకాశం రాడార్‌కు అందకుండా ఉండిపోతుంది. ఆ ఖాళీని పూరించేది లైడార్.

వెలుగుతో గాలిని కొలవాలన్న ఆలోచన లేజర్ కన్నా పాతది. 1930లో ఐర్లండ్‌కు చెందిన ఎడ్వర్డ్ సింజ్, శక్తిమంతమైన సెర్చిలైట్లను ఆకాశంలోకి వేసి, చెదిరి వచ్చే వెలుగును బట్టి పైగాలి సాంద్రత కొలవవచ్చని రాశాడు. కొందరు చేసి చూశారు కూడా. కానీ సెర్చిలైట్ వెలుగు పైకి పోయే కొద్దీ విచ్చుకుని పలచబడుతుంది. 1960లో అమెరికాలో థియొడోర్ మైమన్ మొదటి లేజర్‌ను వెలిగించాడు. ఒకే రంగు, చెదరని సన్నని ధార, క్షణంలో చిన్న వంతు మాత్రమే ఉండే మెరుపు. మూడేళ్ళకే, 1963లో, ఫియోకో, స్మల్లిన్ అనే ఇద్దరు కెంపు లేజర్‌ను ఆకాశంలోకి పంపి, పై పొరల నుంచి తిరిగి వచ్చిన వెలుగును పట్టుకున్నారు.

పెంకుటింట్లో చిన్న సందులోంచి ఎండపొడ పడితే, అంతకుముందు కనిపించని ధూళి కణాలన్నీ ఆ పొడలో తేలుతూ కనిపిస్తాయి. లైడార్ చేసే పని అదే. వెలుగు తాను పోయే దారిలో ఉన్నవాటిని చూపిస్తుంది. తేడా ఏమిటంటే, ఇక్కడ ధూళి కణమే కాదు, ఒట్టి గాలి అణువు కూడా కాసింత వెలుగును వెనక్కి పంపుతుంది.

గాదంకిలో 1998లో జపాన్ శాస్త్రవేత్తల సహకారంతో లైడార్ నెలకొల్పారు. దాని లేజర్ ఆకుపచ్చ వెలుగును సెకనుకు 20 సార్లు పైకి పంపుతుంది. తిరిగి వచ్చే వెలుగును 75 సెంటీమీటర్ల అద్దం ఉన్న దూరదర్శిని పోగుచేస్తుంది. యాభై, అరవై కిలోమీటర్ల నుంచి వచ్చేసరికి ఆ వెలుగు ఎంత సన్నబడుతుందంటే, వెలుగు కణాలను, అంటే ఫోటాన్లను, ఒక్కొక్కటిగా లెక్కపెట్టవలసిందే. ఒక్క మెరుపుతో ఏమీ తెలియదు. నాలుగు నిమిషాల్లో పంపిన దాదాపు అయిదు వేల మెరుపుల ఫలితాన్ని ఒకచోట కూడితే ఒక రూపం వస్తుంది. అలాంటివి రాత్రంతా పోగుచేస్తే 30 నుంచి 80 కిలోమీటర్ల వరకూ గాలి సాంద్రత తెలుస్తుంది. ప్రతి పొరా తనపైనున్న గాలి బరువును మోయాలి. సాంద్రత ఎత్తుతో ఎలా మారుతోందో తెలిస్తే, ఆ బరువు లెక్కలోంచి ఉష్ణోగ్రత తేలుతుంది. బెలూన్లు సాధారణంగా చేరుకోలేని ఎత్తుల్లో ఎంత చలో, ఎంత వేడో కిందనుంచే కొలుస్తున్నారన్నమాట.

లైడార్ చూపించేది ఇంకా ఉంది. పదిహేను కిలోమీటర్ల దగ్గర, మన కంటికి ఆనని పలచటి మంచు మబ్బులు ఉంటాయి. అక్కడ చలి మైనస్ 80 డిగ్రీల దాకా పోతుంది. లేజర్ వెలుగు కంపించే తలం గుండ్రటి నీటి బిందువు మీద పడితే మారదు, కోణాలున్న మంచు స్ఫటికం మీద పడితే మారుతుంది. ఆ మార్పును బట్టి పైన ఉన్నది నీళ్ళో, మంచో చెప్పగలరు. ఆ మబ్బులతో మనకేం పని అనిపించవచ్చు. నేల వదిలే వేడిని అవి పైకి పోనివ్వకుండా ఆపుతాయి. భూమి మొత్తంమీద స్ట్రాటో ఆవరణంలోకి నీటి ఆవిరి ముఖ్యంగా చేరేది మనలాంటి ఉష్ణమండల ప్రాంతాల మీదుగానే. ఎంత ఆవిరి చేరుతుందన్నది ఆ ఎత్తులోని చలి మీద ఆధారపడి ఉంటుంది. భూతాపం గురించి ఆలోచించే ప్రతివారికీ ఆ లెక్క కావాలి. ధ్రువాల దగ్గర, యూరప్‌లో, అమెరికాలో ఎన్ని పరికరాలున్నా ఈ లెక్క అక్కడ దొరకదు. ఇక్కడే కొలవాలి.

ఇంకా పైకి పోతే, ఎనభై నుంచి నూరు కిలోమీటర్ల పైచిలుకు వరకూ, సోడియం పరమాణువుల పొర ఒకటుంది. రోజూ రాలే ఉల్కలు మండి వదిలిపెట్టినదే అది. వీధుల్లో ఒకప్పుడు పసుపుపచ్చగా వెలిగిన సోడియం దీపాల రంగు వెలుగునే లేజర్‌తో పంపితే, ఆ పరమాణువులు దాన్ని పీల్చి వెంటనే తిరిగి వదులుతాయి. గాదంకిలో దానికీ లైడార్ ఉంది.

నీటి ఆవిరిని కొలిచే మరో లైడార్ పద్ధతి మన దేశపు ఘనత మీద నిలబడి ఉంది. 1928లో కలకత్తాలో సి.వి. రామన్ కనిపెట్టిన ఫలితం అందరికీ తెలిసిందే. వెలుగు ఒక అణువు మీద పడి చెదిరినప్పుడు, దానిలో అతి కొద్ది భాగం రంగు మార్చుకుని వస్తుంది, ఆ మార్పు అణువును బట్టి ఉంటుంది. అతినీలలోహిత లేజర్‌ను పైకి పంపితే, నత్రజని నుంచి ఒక రంగు, నీటి ఆవిరి నుంచి మరో రంగు వెనక్కి వస్తాయి. రెంటినీ పోల్చి చూస్తే ఏ ఎత్తులో ఎంత తేమ ఉందో తెలుస్తుంది. ఈ పరికరాన్ని ప్రపంచమంతా రామన్ లైడార్ అనే పిలుస్తుంది.

లైడార్ విలువను లోకానికి చాటిన ఘటన 1991లో జరిగింది. ఫిలిప్పీన్స్‌లో పినటూబో అగ్నిపర్వతం బద్దలైంది. సుమారు 2 కోట్ల టన్నుల సల్ఫర్ డయాక్సైడ్ స్ట్రాటో ఆవరణంలోకి చేరింది. అది సన్నని ఆమ్ల బిందువులుగా మారి భూమినంతా కమ్మింది. ప్రపంచంలో ఎక్కడెక్కడి లైడార్లూ ఆ పొర ఎంత ఎత్తులో ఉందో, ఎలా వ్యాపించిందో, ఎన్ని ఏళ్ళకు పలచబడిందో కొలిచాయి. ఆ పొర సూర్యరశ్మిని అడ్డుకోవడంతో మరుసటి ఏడాది భూమి సగటు ఉష్ణోగ్రత దాదాపు అర డిగ్రీ తగ్గింది. మన హిందూ మహాసముద్రం మీద కూడా, 1999 చలికాలంలో జరిగిన అంతర్జాతీయ పరిశోధనలో, దక్షిణాసియా నుంచి పోయిన పొగ, మసి దాదాపు మూడు కిలోమీటర్ల మందాన ఉత్తర భాగమంతా పరచుకున్నట్టు తేలింది. మనం పొయ్యిల్లో, పొలాల్లో, బళ్ళలో కాల్చినది ఎక్కడికీ పోదు. పైన ఉంటుంది. లెక్కకు దొరుకుతుంది.

లైడార్‌కూ హద్దులున్నాయి. దట్టమైన మబ్బు వస్తే వెలుగు దాన్ని దాటి పోలేదు. అంత ఎత్తు నుంచి వచ్చే సన్నని వెలుగును పగటి ఎండలో వేరుచేయడం కష్టం కాబట్టి పై పొరల కొలతలన్నీ రాత్రివేళే. రాడార్ మబ్బును, వానను, చీకటిని లెక్కచేయదు గాని సన్నని ధూళిని చూడలేదు. అందుకే రెండూ ఒకే ప్రాంగణంలో ఉండటంలో అంత అర్థం ఉంది. ఒకదానికి అందనిది రెండోది అందుకుంటుంది. వాటితోపాటు నేల దగ్గరి రెండు మూడు కిలోమీటర్ల గాలిని చూసే చిన్న రాడార్లు, అప్పుడప్పుడు ఎగరేసే బెలూన్లు. అన్నీ కలిస్తేనే నేలనుంచి నూరు కిలోమీటర్ల వరకూ ఒక చిత్రం పూర్తవుతుంది.

ఈ జోడీ ఇప్పుడు అంతరిక్షంలోకి కూడా వెళ్ళింది. 2006లో కాలిప్సో ఉపగ్రహం లైడార్‌తో, దానితోపాటే క్లౌడ్‌శాట్ రాడార్‌తో బయల్దేరాయి. మబ్బును ఒకటి పైనుంచి తాకితే, మరొకటి లోపలికి చొచ్చుకుపోయి చూసింది. 2018లో యూరప్ పంపిన ఏయొలస్, అంతరిక్షం నుంచి లేజర్‌తో గాలివేగం కొలిచిన మొదటి ఉపగ్రహం. సముద్రాల మీద, బెలూన్లు ఎగరని చోట్ల దాని కొలతలు వాతావరణ అంచనాలను మెరుగుపరిచాయి. అది 2023 దాకా పనిచేసింది. 2024 మే నెలలో యూరప్, జపాన్ కలిసి పంపిన ఎర్త్‌కేర్ ఉపగ్రహంలో లైడార్, రాడార్ రెండూ ఒకే గూటిలో ఉన్నాయి. అయినా ఉపగ్రహం ఒక ఊరిమీద నుంచి క్షణాల్లో దాటిపోతుంది. ఒకే చోట నిలబడి రేయింబవళ్ళు చూసే పని నేలమీది కేంద్రానిదే. ఉపగ్రహం చెప్పినది నిజమో కాదో సరిచూడడానికీ నేలమీది కొలతే ఆధారం.

శ్రోతలారా, ఇదంతా విన్నాక, ఈ కొలతల వల్ల రేపు నా పొలంలో వాన పడుతుందో లేదో తెలుస్తుందా అని ఒక రైతు అడిగితే, నా జవాబు ఇది. ఒక్క రాడార్, ఒక్క లైడార్ ఆ మాట చెప్పలేవు. కానీ వాన చెప్పే కంప్యూటర్ నమూనాలు ఎక్కడ తప్పుతున్నాయో, గాలి పైకి లేచే తీరును అవి ఎక్కడ సరిగా లెక్కించలేకపోతున్నాయో చూపించేవి ఈ కొలతలే. మన వాన ఎక్కువగా ఉరుముల మబ్బుల్లోంచి పడే వాన. చల్లని దేశాల వాన తీరు వేరు. వాళ్ళ వాన కోసం వాళ్ళు రాసుకున్న సూత్రాలు మనకు అన్నివేళలా అతకవు. మన మబ్బుల్ని మనమే కొలవాలి, మన సూత్రాలు మనమే రాసుకోవాలి. కల్లంలో ధాన్యం, ఆరబోసిన మిర్చి, వేటకెళ్ళిన పడవ, దిగబోతున్న విమానం, వీటన్నిటి క్షేమం ఆ పని మీద ఆధారపడి ఉంది.

ఇందుకు రెండు కావాలి. మొదటిది, మనుషులు. మన పిల్లలు భౌతికశాస్త్రం, ఎలక్ట్రానిక్స్, గణితం చదువుతున్నారు. ఆ చదువుకు దారి ఊళ్ళు దాటి, దేశాలు దాటి పోయే ఉద్యోగాలు మాత్రమే అనుకుంటున్నారు. తమ ఊరికి రెండు మూడు గంటల ప్రయాణ దూరంలో, ప్రపంచంలో ఇంకా ఎవరూ సరిగా జవాబు చెప్పని ప్రశ్నలమీద పని జరుగుతోందని వాళ్ళకు చెప్పేవారు కావాలి. ఉపాధ్యాయులు ఆ మాట చెప్పాలి. తల్లిదండ్రులు ఆ మాట వినాలి.

రెండోది, ఎడతెగని కొలత. గాదంకి రాడార్ తొలి నిర్మాణం పాతబడినప్పుడు దాన్ని పక్కన పెట్టలేదు. ప్రతి యాంటెన్నాకూ సొంత ప్రసారిణి, సొంత గ్రాహకం అమర్చి, 1024 చిన్న రాడార్లు కలిసి పనిచేస్తున్నట్టుగా కొత్తగా తీర్చిదిద్దారు. అది సరైన పని. వాతావరణం మారుతోందా అన్న ప్రశ్నకు ఒక ఏడాది కొలత జవాబివ్వదు, పదేళ్ళ కొలత కూడా పూర్తిగా ఇవ్వదు. ముప్ఫై ఏళ్ళు, యాభై ఏళ్ళు ఒకే చోట, ఒకే శ్రద్ధతో కొలిస్తేనే జూన్ నెల తూర్పు గాలి బలహీనపడుతోందో, పై పొరలు చల్లబడుతున్నాయో తెలుస్తుంది. వంతెన ఈ ఏడు కట్టలేకపోతే వచ్చే ఏడు కట్టుకోవచ్చు. కానీ నిన్నటి గాలిని ఇవాళ కొలవలేం. ఎంత డబ్బు పోసినా, ఎంత గొప్ప పరికరం తెచ్చినా కొలవలేం. అందుకే ఈ పరికరాలు ఒక్కరోజు కూడా ఆగకుండా చూసుకోవడం, వాటికి నిధులు, మనుషులు, గౌరవం అందేలా చూసుకోవడం మన బాధ్యత. మన తర్వాతివాళ్ళకు అవసరమయ్యే అంకెలను మనం మాత్రమే రాసిపెట్టగలం.